ఏడో మైలురాయి సాక్ష్యం

“లేయప్పా, ఆ రాయి మింద కూసోవాకు. అది నా సాచ్చి.”

జయరాం దిగ్గున లేచాడు. పొద్దున ఎమ్మిగనూరులో బయల్దేరిన బస్సు ఇంజను కుతకుత ఉడికి నడిదారిలో నిలిచిపోయింది. డ్రైవరు డబ్బా పట్టుకుని నీళ్ళకోసం చేలకడ్డంపడి పోయాడు. 1954 జూన్ నెల. వాన చుక్క పడలేదు. నల్లరేగడి చేలు కాలు దిగబడేంత నెర్రెలిచ్చి ఉన్నాయి. ప్రయాణికులంతా బస్సు నీడలో చతికిలబడితే, తెల్లపంచె మాసిపోతుందని ఇతనొక్కడూ మైలురాయి ఎక్కి కూర్చున్నాడు.

లేపినవాడికి యాభై ఏళ్ళుంటాయి. భుజాన రేకు గొట్టం వేలాడుతోంది. ఒంటిమీది ఖాకీ కోటు వెలిసి బూడిదరంగుకు తిరిగింది గానీ, కుడిభుజం నుంచి ఎడమ నడుము దాకా ఏటవాలుగా ఒక పట్టీ మేర మాత్రం ఖాకీ ఖాకీగానే ఉంది. కచేరీల్లో బిళ్ళబంట్రోతులు వేసుకునే డవాలు ఏళ్ళ తరబడి కప్పిన చోటది. ఇప్పుడు డవాలూ లేదు, దాని ఇత్తడి బిళ్ళా లేదు. వాటి జాడ మిగిలింది.

“రాయి సాక్ష్యం చెబుతుందా?” అని నవ్వాడు జయరాం.

“చెప్తాది. ఆదోని ఏడు మైళ్ళని దాని నొసట రాసుండాది సూడు. నాకు ఆ ముక్కే గావాల. రోడ్డోళ్ళు రాళ్ళు మారుస్తామంటాండారని, వారానికొకతూరి వచ్చి, ఉండాదా ల్యాదా అని సూసిపోతాంటా.”

“ఏ కేసులో?”

“కేసు యాడిది? నా కేసు ఎత్తుకునే కోర్టే ల్యాదంటాండారు గదా.”

ఆ మాటకు జయరాం చెవులు నిక్కబొడుచుకున్నాయి. మద్రాసులో లా చదివి, ఆదోని మునసబు కోర్టులో నల్లకోటు తొడిగి ఏడాదిన్నరయింది. ఆ ఏడాదిన్నరలో అతను చేసిందల్లా పెద్ద వకీళ్ళు రాని రోజున లేచి వాయిదా అడగడం. తండ్రి ఇంద్రసేనయ్య ఆదోని పత్తిబజారులో మండీ వ్యాపారి. “మావాడు వాయిదాల వకీలు” అని గుమాస్తాల ముందే అంటుంటాడు. అలాంటివాడికి నడిరోడ్డు మీద, కోర్టే లేని కేసు దొరికింది.

“నీ పేరేమప్పా? సంగతేమో మొదట్నుంచి చెప్పు.”

అతని పేరు ఇశ్రాయేలు. మంత్రాలయం దగ్గర మాధవరంలో కూలికుటుంబంలో పుట్టాడు. మిషన్ బడిలో అయిదు తరగతులు చదివాడు. చేతిరాత ముత్యాల్లా ఉందని ఒక పెద్ద కలెక్టరు ముచ్చటపడి, తన చేత్తోనే సంతకం పెట్టి బంట్రోతు ఉద్యోగమిచ్చాడు. ఏ కచేరీ అన్నది మనకక్కర్లేదు. అన్ని కచేరీలకూ గోడలకు అదే సున్నం. ఇరవై రెండేళ్ళు ఆదోని, ఎమ్మిగనూరు పల్లెల్లో తిరిగి నోటీసులు అందించాడు. నోటీసు అందించడమంటే కాగితం చేతిలో పెట్టి రావడం కాదు. ఎవరికి, ఏ చోట, ఏ వేళకు, ఎవరి ఎదుట ఇచ్చిందీ కాగితం వెనక రాసి, ఇద్దరు సాక్షుల వేలిముద్రలు వేయించాలి. ఆ రాతే బంట్రోతు నిజాయితీ.

పోయినేడు ఒక కొత్త అధికారి వచ్చాడు. ఒక రైతుకు ఇవ్వని నోటీసును ఇచ్చినట్టు, అదీ పదిరోజుల ముందే ఇచ్చినట్టు రాయమన్నాడు. ఇశ్రాయేలు రాయనన్నాడు. వారం తిరక్కుండా బళ్ళారి నుంచి నాలుగు వరుసల ఉత్తర్వు వచ్చింది: చెప్పిన మాట వినలేదు గనుక ఉద్యోగం తీసేశాం.

“నిన్ను సంజాయిషీ అడిగినారా?”

“ల్యా.”

“సంతకం కలెక్టరుదేనా?”

“ఆయన కింద ఇంగొకాయప్పది.”

జయరాం వేళ్ళు మడిచి లెక్కపెట్టుకున్నాడు. ఉద్యోగమిచ్చినవాడికంటే కిందివాడు తీసెయ్యకూడదు, తీసేసేముందు చెప్పుకునే అవకాశమివ్వాలి. రాజ్యాంగంలో మూడువందల పదకొండో అధికరణం. పరీక్షకోసం కంఠస్థం చేసినదే. అదిప్పుడు చినిగిన చెప్పులేసుకుని ఎదురుగా నిలబడింది.

“మరి కోర్టుకు పోలేదా?”

“పోకేం. నాకు కాగితమొచ్చింది ఆగస్టులో. అక్టోబరు ఒకటిన రాష్ట్రం శీలిపాయ. బళ్ళారి మైసూరు దిక్కు పోయె, ఆదోని మన దిక్కు నిలిచె. బళ్ళారికి పోతే, ‘నువ్వు ఆంధ్రావానివి, ఈడ నీకేం పని’ అన్య వకీలు గుమాస్తా. ఆదోనికొస్తే, ‘ఆర్డరు బళ్ళారిలో పుట్టింది, ఆడికే పో’ అన్య. నేను యా దేశం కింద వస్తానో నాకే తెలకపాయ.”

దేశాలు తిరిగినవాళ్ళకు తెలుసు, సరిహద్దనేది నేలమీద కనబడదు. ఆలూరు అవతల గొర్రెలు ఆ పక్క మేసి ఈ పక్క నీళ్ళు తాగుతాయి. ఆడపడుచులు కన్నడంలో ఏడ్చి తెలుగులో తిడతారు. గీత పడేది కాగితాల మీద, తెగేది కాగితాలను నమ్ముకున్నవాళ్ళ బతుకు. పన్నెండు నెలల కింద ఒకే జిల్లాగా ఉన్నచోట ఇశ్రాయేలు ఉద్యోగం రెండు రాష్ట్రాల నడుమ పడిపోయింది.

బస్సు హారన్ మోగింది. డ్రైవరు నీళ్ళు దొరికించుకున్నాడు. జయరాం బస్సు వైపు చూసి, ఇశ్రాయేలు వైపు చూసి, “నువ్వు పోప్పా” అని డ్రైవరుకు చెయ్యూపాడు. మండీ వ్యాపారి కొడుకు ఏడు మైళ్ళు నడిచి, మోకాళ్ళదాకా నల్లమన్నుతో ఊళ్ళోకొచ్చాడు. తెల్లపంచె సంగతి ఆ రోజే మరిచిపోయాడు.

దారిలో అసలు ప్రశ్న ఒకటే అడిగాడు. “ఆ ఉత్తర్వు నీ చేతికి యాడ అందింది?”

“ఆ రాయి కాడనే. నా కాగితం ఎనకాల రాసుండాది.” రేకు గొట్టంలోంచి ఉత్తర్వు తీసి చూపించాడు. వెనకవైపు ముత్యాల్లాంటి అక్షరాలు: ఆదోని–ఎమ్మిగనూరు రోడ్డు ఏడో మైలురాయి వద్ద, సుమారు మధ్యాహ్నం రెండు గంటలకు, ఇచ్చినవాడు బంట్రోతు హుసేనప్ప, గొర్రెలు కాయువారు ఇద్దరి ఎదుట. కింద మూడు వేలిముద్రలు.

“చాలు,” అన్నాడు జయరాం. “ఉత్తర్వు యాడ పుట్టితే మనకేమి? ఉద్యోగం పోయింది ఈడ. కోర్టు ఈడిదే.”

సర్కారు మీద దావాకు ముందు రెండు నెలల నోటీసు ఇవ్వాలి. దాన్ని తానే నడిచి అందిస్తానని ఇశ్రాయేలు పట్టుబట్టాడు. రిజిస్టరు పోస్టులో పంపుతారని తెలిసి మూడు రోజులు ముఖం ముడుచుకున్నాడు. “పోస్టులో పోతే దాని ఎనకాల ఎవురు రాస్తారప్పా?” అన్నాడు. దావా పడింది. సర్కారు జవాబూ వచ్చింది. కేసు లోపలికి పోకముందే గడప దగ్గర ఆగింది: అసలు ఈ కోర్టుకు దీన్ని వినే అధికారం ఉందా, లేదా? లేదంటే ఇశ్రాయేలుకు నిలబడేందుకు మరో గడప లేదు.

1955 ఫిబ్రవరిలో మొదటి విచారణ. సర్కారు ప్లీడరు తలనెరిసిన మనిషి, గొంతు ఎత్తకుండానే కోర్టు నిండేలా మాట్లాడతాడు.

“సర్కారు కొలువు సర్కారు ఇష్టమున్నన్నాళ్ళే. అందులో సివిలు కోర్టుకు పనిలేదు,” అన్నాడు.

“ఆ ఇష్టానికి రాజ్యాంగం కట్ట కట్టింది. కట్ట తెగిందా లేదా అని చూడటం కోర్టు పనే,” అన్నాడు జయరాం.

ప్లీడరు నవ్వాడు. “సరే. అయినా ఈ కోర్టు కాదు. ఉత్తర్వు బళ్ళారిలో తయారైంది. కచేరీ రిజిస్టరు ప్రకారం వాది బళ్ళారికే వచ్చి దాన్ని తీసుకున్నాడు. బళ్ళారి ఈనాడు వేరే రాష్ట్రం. ఇక్కడ జరిగినదేమీ లేదు.”

జయరాం విజయగర్వంతో ఇశ్రాయేలు కాగితం అందించాడు. ప్లీడరు దాన్ని వెనక్కి తిప్పి చూశాడు. దావా మీద ఇశ్రాయేలు చేసిన సంతకాన్ని చూశాడు. మళ్ళీ కాగితం చూశాడు.

“అయ్యా, ఈ వెనకరాత వాదిదే. తన డిస్మిస్ కాగితం తనకు ఎక్కడ అందిందో తనే రాసుకున్నాడు. రేపు దీన్ని కాశీలో అందిందని రాసుకుంటే కాశీ కోర్టుకు పోతాడా?”

కోర్టంతా నవ్వింది. జడ్జి కుర్చీలోని మునసబు మాత్రం నవ్వలేదు. “కచేరీ ప్రతి ఎక్కడ?” అని అడిగాడు. కచేరీ ప్రతి కనబడడం లేదన్నారు. రెండు వారాలు గడువిచ్చాడు.

వరండాలోకి రాగానే జయరాం మండిపడ్డాడు. “ఆ రాత నీదని ముందే ఎందుకు చెప్పలేదు?”

“మీరు అడగల్యా.”

“హుసేనప్ప ఇచ్చినాడని రాసి ఉంటే హుసేనప్ప రాసినాడనే అనుకుంటారు ఎవరైనా.”

“హుసేనప్పకు రాయను రాదప్పా. వాడు కాగితాలిచ్చొస్తే, పన్నెండేండ్లు ఎనకరాత రాసింది నేనే. అందరూ కచేరీకి పోయే కాగితం మింద రాస్తారు. నేను ఇంటాయన చేతిలో ఉండే దాని మింద గూడా రాస్తా. రేపొద్దున కచేరోళ్ళు మాట మారిస్తే ఇంటాయనకు ఆధారం ఉండల్ల గదా.”

“నీ ఉద్యోగం పోయిన కాగితం గూడా నువ్వే రాసిచ్చినావా?”

“ఇంగెవురు రాస్తారు? వాడు ఏడుస్తా నిలబడె.”

గొర్రెలవాళ్ళు మందలతో ఎటు పోయారో తెలియదు. ఇంతకుముందు హుసేనప్పకు పంపిన సాక్షి సమన్లు “ఊళ్ళో లేడు” అని తిరిగొచ్చాయి. రాష్ట్రం చీలినప్పుడు అతను బళ్ళారి వైపు పడ్డాడు. ఇంకా కొలువులో ఉన్నవాడు, కచేరీకి ఎదురు చెప్పాలంటే భయం. ఆ మధ్యాహ్నమే ఇశ్రాయేలు హుసేనప్పను వెతుక్కుంటూ గుంతకల్లు బండెక్కాడు. ఎప్పుడొస్తాడో చెప్పలేదు. జయరాం తల తిప్పి చూసేసరికి వరండాలో లేడు.

జయరాం ఆఫీసు తలుపు తియ్యబుద్ధి కాక తిన్నగా తండ్రి మండీకి పోయాడు. గోడమీద మేకుకు తగిలించిన తీగ, దానికి గుచ్చిన పాత కాగితాల దొంతర. ఊరికే ఆ దొంతర వైపు చూస్తూ కూర్చున్నాడు. ఉన్నట్టుండి లేచి తీగను ఊడదీసి గద్దెమీద కుమ్మరించాడు.

ఆదోని వ్యాపారులు కాగితం పారెయ్యరు. చదివినా చదవకపోయినా తీగకు గుచ్చుతారు. ఇశ్రాయేలు పన్నెండేళ్ళు హుసేనప్ప పేరున రాసిన వెనకరాతలు ఇళ్ళవాళ్ళ ప్రతుల మీదా ఉంటే, అవి ఈ బజారులో తీగలకు వేలాడుతూ ఉండాలి.

నాలుగో దొంతరలో దొరికింది. 1947 నాటి నోటీసు. మండీ అరుగు మూడడుగులు రోడ్డు మీదికి జరిపారు, తొలగించండి అని. వెనక అవే ముత్యాలు, అదే హుసేనప్ప వేలిముద్ర.

“నాయనా, దొరికింది,” అని జయరాం ఎగిరి గంతేశాడు.

ఇంద్రసేనయ్య అద్దాలు సర్దుకుని చూసి, కాగితాన్ని నెమ్మదిగా లాక్కున్నాడు. “ఇది కోర్టులో పెడతావా?”

“పెడతాను.”

“అరుగు ఇప్పుడు యాడుంది?”

జయరాం అరుగు వైపు చూశాడు. ఎక్కడుందో అక్కడే ఉంది. ఎనిమిదేళ్ళలో ఇంకో అరడుగు జరిగిందేమో కూడా.

“ఎవనికో బంట్రోతుకు కొలువు ఇప్పించేదానికి నీ నాయన అరుగు కొట్టిస్తావా?”

“అరుగు రోడ్డుదే గదా నాయనా.”

“మూడు తరాలుగా ఈ ఇంట్లో ఇట్లాంటి మాట పుట్టలేదు,” అన్నాడు ఇంద్రసేనయ్య. లోపలినుంచి అంతా వింటున్న తల్లి లక్ష్మీదేవి గడపలోకి వచ్చింది. “వాయిదాల వకీలని నలుగుర్లో నవ్వుతిరి. వాడు ఇప్పుడు వాయిదా అడగకుండా నిలబడతానంటే కాగితం దాచిపెడతారా? ఇయ్యండి,” అంది. ఇంద్రసేనయ్య కాగితాన్ని బల్లమీద పెట్టి, దానివైపు చూడకుండా తాంబూలం పెట్టె తెరిచాడు.

ఆ తర్వాత పదిరోజులూ జయరాం పత్తిబజారు, ధాన్యం బజారు, ఎమ్మిగనూరులో మగ్గాల వీధులూ తిరిగాడు. పాతనోటీసు అడిగితే ఎవరైనా భయపడతారు. ఒకాయన దాన్ని నమిలి మింగేటట్టు చూశాడు. అయినా పదకొండు దొరికాయి. తీగ గుచ్చిన చిల్లు అన్నింటికీ నడిబొడ్డునే ఉంది.

విచారణ రోజు. పదకొండు గంటలకు కేసు పిలిచారు. ఇశ్రాయేలూ లేడు, హుసేనప్పా లేడు. బళ్ళారి నుంచి చిన్నబండిలో గుంతకల్లు, అక్కడ పెద్దబండికి మారితే ఆదోని. ఆ పెద్దబండి వచ్చి గంటయింది. జయరాం లేచాడు. రెండేళ్ళుగా నాలుక చివర ఉన్న మాట “వాయిదా” అని నోటిదాకా వచ్చింది. మింగేశాడు. అరగంట అడిగాడు. మునసబు గడియారం చూసి, “పన్నెండు దాకా,” అన్నాడు.

పన్నెండుకు అయిదు నిమిషాలుండగా ఇద్దరూ ఆవరణలోకి వచ్చారు. హుసేనప్ప బండి దిగి స్టేషనులోనే కూలబడి, “నా కొలువు గూడా పోతాది, నేను రాను” అని గంటసేపు మొండికేశాడట. ఇశ్రాయేలు బతిమాలలేదు. తిరిగొచ్చిన సమన్లు అతని ఎదుట పెట్టి, “దీని ఎనకాల ‘ఊళ్ళో ల్యాడు’ అని రాసినారు. నువ్వు ఉండావు. రాత అబద్ధమైతాది,” అన్నాడట. హుసేనప్ప కన్నీళ్ళు తుడుచుకుని లేచాడు.

బోనెక్కాక సర్కారు ప్లీడరు అడిగాడు. “నీకు చదువు వచ్చునా?”

“రాదు దొరా.”

“మరి ఈ రాత?”

“ఇశ్రాయేలన్నది.”

“అతని డిస్మిస్ కాగితం అతనికే ఇచ్చి, అతనిచేతే రాయించావా?”

“ఆడ ఉన్నింది ఎవురు దొరా? నేను, అన్న, గొర్లోళ్ళు ఇద్దరు, రాయి. రాసేది అన్నకే వచ్చు.”

మునసబు ముందుకు వంగాడు. “అసలేం జరిగిందో చెప్పు.”

“నేను బస్సు దిగి పోతాంటే అన్న ఎదురొచ్చె. ఏం తెచ్చినానో తెల్దు ఆయనకు. రొట్టె విప్పి సగం నాకు పెట్టె. తినేదాకా నా నోరు రాల్యా. తిన్యాక కాగితమిస్తి. సదివె. ‘హుసేనప్పా, ఎనకరాత రాయాల గదా, పెన్సిల్ తే’ అన్య. రాసె. నా యేలు పట్టి ముద్ర ఏపిచ్చె. కచేరీ కాగితం నాకిచ్చె. లేసి పాయ. పోతాన్నా అని గూడా అనల్యా దొరా.”

“మీరిద్దరూ స్నేహితులు,” అన్నాడు ప్లీడరు. “స్నేహితుడికోసం ఇప్పుడు కల్పించిన మాట ఇది.”

జయరాం అప్పుడు తీగకాగితాలు పన్నెండూ బల్లమీద పరిచాడు. మొట్టమొదటిది తండ్రిది. “అయ్యా, ఈ పన్నెండూ వేర్వేరు ఇళ్ళవి. ఎనిమిదేళ్ళ కిందటివి, తొమ్మిదేళ్ళ కిందటివి. అన్నింటి మీదా హుసేనప్ప వేలు, ఇశ్రాయేలు రాత. వీటి జోడు ప్రతుల్లో ఒక్కటీ తప్పని కచేరీ తిప్పి పంపలేదు. పన్నెండేళ్ళు ఈ రాతను నమ్మినవాళ్ళు, అది అతని సొంత కాగితం మీదికి వచ్చేసరికి నమ్మేది లేదంటున్నారు.”

ప్లీడరు ఒక్కొక్కటే తిప్పి చూశాడు. పెద్దమనిషి, పన్నెండోది చూశాక కళ్ళజోడు తీసి కూర్చున్నాడు.

మూడో రోజున మునసబు చదివి వినిపించాడు. ఉద్యోగి ఉద్యోగం పోయేది ఉత్తర్వు మీద సంతకం పెట్టిన బల్ల దగ్గర కాదు, అది అతని చేతికి అందిన చోట. అందింది ఆదోని తాలూకాలో ఏడో మైలురాయి దగ్గర. కాబట్టి ఈ దావా వినే అధికారం ఈ కోర్టుకుంది. జయరాం బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాడు, లేకుంటే అక్కడే గంతేసేవాడు. వెనక్కి తిరిగితే హుసేనప్ప ఏడుస్తున్నాడు. ఇశ్రాయేలు మాత్రం తీర్పు మీద గుమాస్తా తేదీ సరిగ్గా వేశాడా లేదా అని మెడ చాచి చూస్తున్నాడు.

గడప దాటాక లోపలి దారి అంత కష్టం కాలేదు. సంజాయిషీ అడగలేదు, కిందివాడు తీసేశాడు. రెండూ కాగితం మీదే ఉన్నాయి. 1956 వేసవి చివర డిక్రీ వచ్చింది. సర్కారు పైకోర్టుకు పోతుందన్నారు, పోలేదు. ఆ తర్వాత రెండు నెలలు ఇశ్రాయేలు జాడ లేదు. చెప్పనైనా చెప్పకుండా పోయాడే అని జయరాం లోలోపల కొంచెం నొచ్చుకున్నాడు.

ఒక సోమవారం ఉదయం ఖాకీ కోటు మండీ ముందు ఆగింది. కోటు మీద ఏటవాలుగా కొత్త ఎర్ర డవాలు. పాత జాడ మీద అచ్చంగా అదే చోట పడింది. ఇత్తడి బిళ్ళ ఎండలో మెరుస్తోంది.

“రాప్పా, రా,” అని జయరాం పరుగున వచ్చాడు.

ఇశ్రాయేలు అతనికి తల ఊపి, లోపలికి చూశాడు. “ఇంద్రసేనయ్య సెట్టిగారుండారా?”

ఇంద్రసేనయ్య వచ్చి కాగితం అందుకుని చదివాడు. ముఖం జేగురించింది. “అరుగు గురించా? కోర్టులో నా కాగితం పెట్టింది ఎవరికోసం? నా కొడుకు నీకు కొలువు తెచ్చిస్తే, నువ్వు నాకు తెచ్చేది ఇదా?”

“కాగితం మింద మీ పేరుండాది సెట్టీ. నేను రాసేవాన్ని కాదు, ఇచ్చిపోయేవాన్ని. సంతకం పెట్టాల.”

ఇంద్రసేనయ్య కొడుకు వైపు చూశాడు. తర్వాత అరుగు వైపు చూశాడు. ఒకే దెబ్బకు కలం లాక్కుని రెండు ప్రతుల మీదా సంతకం గీకాడు.

ఇశ్రాయేలు అరుగు చివర కూర్చుని, గొట్టంలోంచి కలం తీసి వెనకరాత మొదలుపెట్టాడు. ఆదోని పత్తిబజారు, మండీ అరుగు మీద, ఉదయం తొమ్మిదింబావు. ఒక గుమాస్తా చేత సంతకం పెట్టించి, తర్వాత కాగితాలు జయరాం ముందుకు జరిపాడు.

“ఏమి?” అన్నాడు జయరాం.

“ఇంగొక సాచ్చి గావాల. మీరు సూసినారు గదా.”

జయరాం తండ్రి ముఖం వైపు చూడకుండా రెండింటి మీదా సంతకం చేశాడు. లోపలినుంచి లక్ష్మీదేవి మజ్జిగ లోటా తెస్తున్న అడుగుల చప్పుడు వినబడింది.

“కూర్చో ఇశ్రాయేలూ, అమ్మ మజ్జిగ—” అంటూ జయరాం లోటా అందుకోవడానికి వెనక్కి తిరిగాడు.

లోటాతో ఇటు తిరిగేసరికి అరుగు మీద ఇంటి ప్రతి ఒక్కటే ఉంది. ఎగరకుండా దాని మీద చిన్న రాయి పెట్టి ఉంది. ఇశ్రాయేలు అప్పటికే పత్తిబళ్ళ నడుమనుంచి బజారు మలుపు తిరుగుతున్నాడు. వీపు మీద ఎర్రపట్టీ ఒకసారి కనబడి, మలుపు అవతలికి పోయింది.